సూర్యకాంతానికి మంచితనం సర్టిఫికెట్ ఎందుకు?

2024లో సూర్యకాంతం శతజయంతి వచ్చింది. మా ఊళ్ళో జరిగిన ఒక సభకు నన్నూ పిలిచారు. తెలుగు సాహిత్యంలో డాక్టరేట్ ఉంది, ఆడమనిషి, ఊళ్ళోనే ఉంటుంది, ఇంకేం కావాలి! నాకంటే ముందు ఏడుగురు మాట్లాడారు. అందరూ ఒక్కటే చెప్పారు. తెరమీద గయ్యాళి, బయట మాత్రం అన్నపూర్ణ. షూటింగులకు క్యారేజీలు క్యారేజీలుగా వండి తెచ్చి అందరికీ కొసరి కొసరి పెట్టేది. మనసు వెన్న. ఆమె వల్ల తెలుగువాళ్ళు ఆడపిల్లలకు ఆ పేరు పెట్టుకోవడం మానేశారు గానీ, నిజానికి అంత మంచి మనిషి లేదు. ఏడుగురూ చెప్పినది ఇదే, కూరల పేర్లు మాత్రం మారాయి.

నాకు ఒళ్ళు మండింది. ఎస్వీ రంగారావు గురించి మాట్లాడేవాళ్ళెవరూ ఆయన నిజజీవితంలో కీచకుడు కాదని హామీ ఇవ్వరు. రాజనాల మంచివాడని నిరూపించాకే ఆయన నటన గురించి మాట్లాడాలని ఎవరికీ అనిపించదు. దాదాపు యాభై ఏళ్ళు కెమెరా ముందు నిలబడ్డ ఒక నటికి మాత్రం, చనిపోయి ముప్పై ఏళ్ళయినా, వంటింట్లోంచి సత్ప్రవర్తన సర్టిఫికెట్ తెచ్చి ఇవ్వాల్సి వస్తోంది. గట్టిగా మాట్లాడిన ఆడదాన్ని మనం క్షమించాలంటే ఆమె ఎవరికో అన్నం పెట్టి ఉండాలి.

నా వంతు వచ్చేసరికి భోజనాల టైమయింది. అయిదు నిమిషాలిచ్చారు. అందుకే ఇక్కడ రాస్తున్నాను.

మా సాహిత్య పరిభాషలో, సినిమా పరిభాషలో ఇలాంటి నటికి ఉన్న మాట "సహాయనటి". ఎవరికి సహాయం? హీరోకి గొప్పతనం రావాలి, హీరోయిన్‌కి కన్నీళ్ళు రావాలి. రెండింటికీ ఒక రాయి కావాలి, కత్తి నూరుకోవడానికి. సూర్యకాంతం ఆ రాయి. 1924 అక్టోబర్ 28న కాకినాడ దగ్గర వెంకటకృష్ణరాయపురంలో పుట్టింది. మద్రాసు చేరి, 1946లో 'నారద నారది'లో చిన్న వేషంతో మొదలుపెట్టింది. 'సౌదామిని'లో హీరోయిన్ వేషం దాకా వచ్చింది గానీ కారు ప్రమాదంలో ముఖానికి దెబ్బతగిలి అది పోయింది. (బొంబాయిలో లలితా పవార్‌కి 1942లో షూటింగులో తిన్న చెంపదెబ్బకి కన్ను దెబ్బతింది, ఆమె కూడా ఆ తర్వాతే అత్తగారైంది. ముఖం మీద గీత పడితే చాలు, నాయిక అత్తవుతుంది. మగవాళ్ళ ముఖాలకి ఈ నియమం ఉన్నట్టు లేదు.) 1950 చివర్లో 'సంసారం' వచ్చింది. ఎల్.వి.ప్రసాద్ సినిమా. గయ్యాళి అత్త పుట్టింది అందులోనే. అప్పటికి సూర్యకాంతానికి ఇరవయ్యారేళ్ళు.

ఈ వయసుల సంగతి కాసేపు చూడండి. ఎన్.టి.రామారావు పుట్టింది 1923 మే. అక్కినేని నాగేశ్వరరావు పుట్టింది 1924 సెప్టెంబర్. అంటే 1962లో 'గుండమ్మ కథ' వచ్చేనాటికి ఆ ఇంటి అల్లుళ్ళిద్దరూ అత్తగారికంటే వయసులో పెద్దవాళ్ళు. అత్తకి ముప్పై ఏడు. అల్లుళ్ళు ఆ తర్వాత ఇంకో ఇరవై ఏళ్ళు కాలేజీ కుర్రాళ్ళుగా పాటలు పాడుకున్నారు, కూతుళ్ళ వయసు నాయికలతో. ఆమె మాత్రం అక్కడే, నడుముమీద చెయ్యి, ఎడమచెయ్యి గాల్లో తిప్పుతూ.

ఆ ఎడమచెయ్యి గురించి ఒక మాట. మన ఇళ్ళలో ఎడమచేత్తో ఇవ్వకూడదు, తీసుకోకూడదు, చూపించకూడదు. సూర్యకాంతం మాత్రం దానితోనే మాట్లాడుతుంది. డైలాగు మొదలుకాకముందే ఆ చెయ్యి లేస్తుంది, డైలాగు అయిపోయాక కూడా గాల్లో ఒక క్షణం ఉంటుంది. మర్యాద తప్పిన శరీరం అంటే ఏమిటో ఒక్క చేతితో చూపించింది. నేను చదివిన సినిమా విమర్శలో దీన్ని "మేనరిజం" అని ఒక్క మాటతో తేల్చేశారు.

'గుండమ్మ కథ' దగ్గరికి వద్దాం. మా అనంతపురం వాళ్ళకి దీనిమీద కాస్త హక్కుంది. ఇది విఠలాచార్య తీసిన 'మనె తుంబిద హెణ్ణు' అనే 1958 నాటి కన్నడ సినిమా ఆధారంగా విజయా వాళ్ళు తీసింది. గుండమ్మ పేరు అక్కడినుంచే వచ్చింది. కోస్తావాళ్ళకి ఆ పేరు వింటే నవ్వొచ్చిందేమో. మాకు రాదు. బళ్ళారి నుంచి మా రాయదుర్గం, కళ్యాణదుర్గం దాకా గుండప్పలు, గుండమ్మలు వీధికొకరు ఉంటారు. రామారావుకి నూరో సినిమా, నాగేశ్వరరావుకి తొంభై తొమ్మిదో సినిమా, సావిత్రి ఉంది, జమున ఉంది, రంగారావు ఉన్నాడు. అయినా సినిమాకి పేరు సహాయనటి పాత్రది! ఇది గౌరవమని చాలామంది రాశారు. నాకలా అనిపించదు. వేట కథకి పులి పేరు పెట్టినట్టుంటుంది నాకు.

ఎందుకంటే ఆ సినిమాలో కథంతా గుండమ్మ పొగరు అణచడమే. ఆమె భర్త పోయాడు. ఇల్లుంది, డబ్బుంది, లెక్క తెలుసు, ఎవరికీ లొంగదు. సవతి కూతురు లక్ష్మిని పనిమనిషిని చేసింది, ఇది నేను దాచను. ఆమెను దారికి తేవడానికి ఒక పెద్దమనిషి, ఆయన ఇద్దరు కొడుకులు మారువేషాలు వేసుకుని బయలుదేరతారు. వాళ్ళు చేసేవన్నీ మోసాలే, కానీ మంచి మోసాలు. అది చాలక ఇంకో గయ్యాళిని, ఛాయాదేవి వేసిన దుర్గను, ఆమెమీదకి వదులుతారు. గుండమ్మ సొంత ఇంట్లో తానే బందీ అవుతుంది. హాలంతా చప్పట్లు. చివరికి తాను బాధపెట్టిన సవతికూతురి దయమీద బయటపడుతుంది.

ఇక్కడ నా పాఠకురాళ్ళు అడగబోయే ప్రశ్న నాకు తెలుసు. ఒక స్నేహితురాలు అడిగింది కూడా, "మా అత్తను చూసుంటే నువ్విలా రాయవు" అని. నిజమే. కోడళ్ళని కాల్చిన చేతుల్లో అత్తల చేతులూ ఉన్నాయి. గుండమ్మని విప్లవకారిణిని చేసి ఊరేగించాలని నేననడం లేదు. ఆ సినిమా కోపం దేనిమీద అని మాత్రమే అడుగుతున్నాను. లక్ష్మికి జరిగిన అన్యాయం మీదే అయితే, న్యాయం ఎలా ఉండాలి? 1956లో హిందూ వారసత్వ చట్టం వచ్చింది. వీలునామా రాయకుండా చనిపోయినవాడి స్వార్జితంలో భార్యకి, కొడుకుకి, కూతురికి సమాన వాటా. అంటే ఆ ఇంట్లో లక్ష్మికీ వాటా ఉండొచ్చు. ఆ మాట ఒక్క పాత్ర నోట్లోంచి రాదు. లక్ష్మికి వాటా ఇప్పించాలని ఎవరికీ తోచలేదు, మొగుణ్ణి ఇప్పించారు.

అదే చట్టం 14వ సెక్షన్ ఇంకో పని చేసింది. అంతకుముందు 1937 చట్టం ప్రకారం విధవకి భర్త ఆస్తిమీద బతికున్నన్నాళ్ళు అనుభవించే హక్కే ఉండేది. అమ్మలేదు, తనకిష్టమైనవాళ్ళకి రాసివ్వలేదు. 1956 తర్వాత ఆమె పూర్తి యజమాని. చట్టం వచ్చింది కాబట్టి ఈ సినిమాలొచ్చాయని నేననను. 'సంసారం' దానికి ముందే వచ్చింది కదా. కానీ ఆ ఏళ్ళంతా హిందూ కోడ్ బిల్లు మీద గొడవ జరుగుతూనే ఉంది, 1951లో అంబేద్కర్ మంత్రిపదవి వదులుకున్నదీ దానికోసమే. ఆడదాని చేతికి ఆస్తి వస్తే కుటుంబం ఏమైపోతుందోనని దేశం గుండెలు బాదుకుంటున్న ఆ రోజుల్లోనే, చేతికి ఆస్తి వచ్చిన ఆడది ఎలా ఉంటుందో మన తెరమీద ఏటేటా కనిపించింది. 'తోడికోడళ్ళు' 1957. 'మాంగల్యబలం' 1959. 'గుండమ్మ కథ' 1962. ఇది కాకతాళీయమని నమ్మేవాళ్ళు నమ్మండి.

(ఇంకో తమాషా. గుండమ్మ అహంకారం అణచిన ఆ పెద్దల్లుడే తర్వాత ముఖ్యమంత్రి అయ్యాడు. ఉమ్మడి ఆస్తిలో కూతుళ్ళకి సమానవాటా ఇచ్చిన 1986 నాటి ఆంధ్రప్రదేశ్ సవరణ ఆయన హయాంలోదే. 1985 సెప్టెంబర్ 5కి ముందే పెళ్ళయిన కూతుళ్ళకి మాత్రం అది వర్తించలేదు. ఈ తేదీ గుర్తుంచుకోండి.)

గయ్యాళి అనిపించుకోవాలన్నా ఆస్తుండాలి. మా జిల్లాలో కూలికి పోయే ఆడవాళ్ళు నీళ్ళ ట్యాంకరు దగ్గర, రేషన్ షాపు దగ్గర గొంతు చించుకుంటారు. వాళ్ళని ఎవరూ గయ్యాళులు అనరు. "వాళ్ళంతే" అంటారు. వాళ్ళ కులం పేరు చెప్పి ఊరుకుంటారు. గయ్యాళి అనే మాట పై కులాల, భూమి ఉన్న కులాల ఇంట్లోది. పోగొట్టుకోవడానికి ఏదో ఉన్నచోటే ఆ మాట పుడుతుంది.

మా అవ్వకి నాలుగెకరాలుంది. అందుకని ఆమెకి ఆ పేరొచ్చింది.

అవ్వంటే మా అమ్మకు అమ్మ. కళ్యాణదుర్గం వైపు పల్లె. ఏడాదంతా కురిసినా యాభై అయిదు సెంటీమీటర్లు దాటని నేల. వేస్తే బుడ్డలు, లేకపోతే బీడు. మా తాత పోయేనాటికి అవ్వకి ముప్పై ఆరు, మా అమ్మకి పదేళ్ళు, మగపిల్లలు లేరు. పదకొండో దినం కాకముందే మరుదులు కాగితం తెచ్చారట, ఆడమనిషివి సేద్యం ఏం చేస్తావు, మేం చూసుకుంటాం, వేలిముద్ర వెయ్యి అని. "సచ్చింది నా మొగుడప్పా, నేను కాదు" అందట. ఆ తర్వాత రెండేళ్ళు ఆమె చేసింది ఒక్కటే పని. అరవడం. గెనెం జరిపితే గెనెం మీద నిలబడి అరిచింది. బావిలో వంతు తప్పిస్తే బావి దగ్గర అరిచింది. తలాటి చావడి ముందు కూర్చుని అరిచింది. టెంటు హాల్లో 'గుండమ్మ కథ' ఎన్నోసారో ఆడి వెళ్ళాక ఊరు ఆమెకి పేరు మార్చింది. సూర్యకాంతమ్మ. నా చిన్నప్పుడు కొందరికి ఆమె అసలు పేరే తెలియదు.

మా జిల్లాలోనే కదిరి దగ్గర తిమ్మమ్మ మర్రిమాను ఉంది. ఇప్పుడది సత్యసాయి జిల్లాలోకి పోయింది. మొగుడి చితిలో కాలిపోయిన తిమ్మమ్మ ఉన్నచోట మొలిచిందని చెప్తారు. ఎకరాల కొద్దీ నీడ, గిన్నిస్ బుక్కులో పేరు, గుడి, జాతర, పిల్లలకోసం మొక్కులు. మొగుడితోబాటు పోయిన ఆడదానికి మానై వెలిసే యోగం. పోకుండా మిగిలి, పొలం కాగితాలు పెట్టెలో పెట్టుకుని తాళం వేసుకున్న ఆడదానికి సూర్యకాంతం అని పేరు.

మా అమ్మ ఆ పేరు వింటూ పెరిగింది. బడికి పోతే "సూర్యకాంతం కూతురొచ్చింది" అనేవాళ్ళట. ఆమె ఒకటి నిర్ణయించుకుంది, నేను మాత్రం అట్లా ఉండను. 1984లో పెళ్ళయింది. మా అమ్మ గొంతు ఇంటి గడప దాటి వినిపించడం నేనెప్పుడూ ఎరగను. అవ్వ 2003లో పోయింది, పోయేముందు నాలుగెకరాలూ అమ్మ పేర రాసింది. ఆ తర్వాత మా నాన్న బోర్లు వేయించాడు. మా ప్రాంతం వాళ్ళకి ఈ వాక్యం ఒక్కటి చాలు, మిగతా కథ వాళ్ళే చెప్తారు. మొదటిది రెండొందల అడుగులు, దుమ్ము. రెండోది నీళ్ళు పడి ఒక ఎండాకాలం దాటలేదు. మూడు, నాలుగు. ప్రతిసారీ కాగితం వచ్చింది, ప్రతిసారీ అమ్మ సంతకం పెట్టింది. నాన్న చెడ్డవాడు కాదు, నీళ్ళు పడతాయని నిజంగానే నమ్మాడు. నాలుగోసారి నేను ఉన్నాను, ఇంటర్ చదువుతున్నాను. "వద్దనమ్మా" అన్నాను. అమ్మ లోగొంతుకతో "నన్ను మా అమ్మలాగా గయ్యాళితనం చెయ్యమంటావా?" అంది.

అవ్వ అరిచి నిలబెట్టిన భూమి అమ్మ మంచితనంలో పోయింది. ఒక సినిమా పాత్ర నాలుగెకరాలు మింగిందంటే నవ్వుతారని తెలుసు. నవ్వండి.

ఇప్పుడు మనమీదికి వస్తాను, అంటే మనం, ఈ పత్రిక చదివేవాళ్ళం, రాసేవాళ్ళం. స్త్రీవాద విమర్శ సూర్యకాంతానికి ఏం చేసింది? "పితృస్వామ్య మూస పాత్ర" అని ఒక లేబుల్ అంటించి పక్కన పెట్టింది. మనకి సావిత్రి కావాలి. ఆమె కన్నీళ్ళు, ఆమె మోసపోవడం, ఆమె పడిపోవడం. 2018లో 'మహానటి' వచ్చాక అయితే సెమినార్లకి లెక్కలేదు. సావిత్రి గొప్ప నటి, అందులో వాదన లేదు. కానీ మనం ప్రేమించేది ఎప్పుడూ ఓడిపోయిన స్త్రీనే అనే అనుమానం నాకు పోలేదు. గెలిచిన ఆడదాన్ని, మొండిదాన్ని, డబ్బు లెక్కపెట్టుకునేదాన్ని ఎక్కడ పెట్టాలో మన సిద్ధాంతానికీ తెలియదు. నా పరిశోధనలో సూర్యకాంతం మీద ఒక అధ్యాయం ఉండేది. నలభై పేజీలు. "హాస్య పాత్ర మీద ఇన్ని పేజీలా, నాయికల మీద పెట్టమ్మా" అన్నారు పెద్దలు. చెప్పింది మగవాళ్ళే అయితే పోట్లాడేదాన్నేమో. మరీ సిగ్గుచేటేమిటంటే, నేను ఒక్క మాట ఎదురు చెప్పకుండా తీసేశాను. మంచి విద్యార్థిని అనిపించుకున్నాను. అమ్మ కూతుర్నే కదా.

గయ్యాళి గొంతుని ఇంకోలా తీయడం సాధ్యం కాదా? అవుతుంది. కొన్నేళ్ళ కిందట ఒక సినిమా వర్క్‌షాపులో 1962 నాటి టర్కీ సినిమా చూశాను. 'పాముల పగ' అని దాని పేరుకి అర్థం. ఫకీర్ బైకుర్త్ నవల, మెటిన్ ఎర్క్సాన్ దర్శకుడు. అక్కడ అలియే రోనా అనే నటి ఉండేది. సూర్యకాంతంలాగే సహాయనటి, కఠినమైన తల్లులకు, పెత్తనం చేసే ముసలమ్మలకు పేరుపడ్డ మనిషి. ఇందులో ఇరజ్జా అనే పల్లెటూరి విధవ. ఇంటిముందున్న ఖాళీ జాగాని ఊరిపెద్ద ఇంకొకడికి ఇల్లు కట్టుకోవడానికి ఇస్తాడు. ఇరజ్జా ఒప్పుకోదు. అనటోలియా పీఠభూమి, చెట్టులేని నేల, దుమ్ము, తలగుడ్డ కట్టుకుని అరుస్తున్న ముసల్ది. నేను కుర్చీలో ముందుకి వంగిపోయాను. అది మా అవ్వ, సందేహం లేదు. ఆ అరుపుకి హాల్లో ఎవరూ నవ్వలేదు. ఎందుకంటే కెమెరా ఆమె పక్కన నిలబడింది. ఆమె దేనికోసం అరుస్తోందో మనకి చూపించింది. అదే ఏడాది మనవాళ్ళు కెమెరాని అల్లుడి పక్కన పెట్టారు.

మనకి చేతకాక కాదు. 1957లో 'మాయాబజార్' తీసిన కె.వి.రెడ్డి మా తాడిపత్రివాడే. అందులో సూర్యకాంతం హిడింబి. నాలుగు నిమిషాలుంటుందేమో. రాక్షసికి గయ్యాళితనం అంటగట్టడం ఎంత సులువు! కానీ అక్కడ ఆమె అరవదు. ఘటోత్కచుడంతటి కొడుకు తల్లి మాటకి ఆగుతాడు. మొగుడు దగ్గరలేని ఆడది, అడవిలో తన రాజ్యంలో తాను, ఎవరిచేతా అణచబడకుండా కథలోంచి నడిచి వెళ్ళిపోతుంది. ఆస్తిపోయిన అల్లుడు వద్దనే రేవతి పాత్ర అందులో ఛాయాదేవికి పోయింది లెండి, ఎవరో ఒకరికి పోవాలి కదా. ఆ నాలుగు నిమిషాలు చూస్తే సూర్యకాంతం దగ్గర ఇంకా ఏమేం ఉన్నాయో, మన పరిశ్రమ ఏమేం అడగలేదో తెలుస్తుంది. స్త్రీపాత్రలు స్త్రీలే వెయ్యాలని పట్టుబట్టిన బళ్ళారి రాఘవ కూడా తాడిపత్రిలోనే పుట్టాడు. వేషం స్త్రీ చేతికి వచ్చింది సరే. ఆ వేషం ఏమిటో రాసే కలం ఎవరి చేతిలో ఉందో ఆయన కాలానికి అడగాల్సిన ప్రశ్న కాలేదు.

1994 డిసెంబర్‌లో సూర్యకాంతం పోయింది. ఆమె పెట్టిన పులిహోర గురించి ఇక చాలు. ఆమె మంచిదో కాదో నాకు తెలియదు, నాకు అక్కర్లేదు కూడా. ఆమె నటన గురించి మాట్లాడండి. ఆ గొంతు ఎక్కడ లేస్తుంది, ఎక్కడ విరుగుతుంది, దుర్గ చేతిలో పడ్డాక గుండమ్మ భుజాలు ఎట్లా కిందకి దిగిపోతాయో చూడండి. నవ్వించాల్సిన సీన్లో ఆమె భయపడుతుంది, నిజంగా. ఆస్తి చేజారుతున్న ముసలితనం ఎలా ఉంటుందో ముప్పై ఏడేళ్ళకే ఆమెకి తెలుసు. నా నలభై పేజీలూ దాని గురించే. దుమ్ము దులిపి బయటికి తీశాను. వచ్చే సంచికకి పంపుతాను, వేసుకుంటే వేసుకోండి.

మొన్న సంక్రాంతికి అమ్మతో కలిసి ఆ వైపు బస్సులో వెళ్ళాను. అవ్వ పొలం ఉన్నచోట చుట్టూ ఇనప కంచె వేశారు, లోపల సోలార్ పలకలు. బావి పూడ్చేసినట్టున్నారు. అమ్మ కిటికీలోంచి చాలాసేపు చూసింది.

"మా అమ్మ ఉండింటే ఆ కంచె పట్టుకోని అరుస్తా ఉండేది" అంది. బస్సులో పక్క సీటువాళ్ళు తిరిగి చూశారు. కొంచెం గట్టిగానే అంది.